అక్క చదివిన పుస్తకాలు

జనవరి 6

అక్కా,

క్షేమం. ఈ మాటని ఇంతకంటే సాగదీసే ఓపిక లేదు.

బదిలీ మీద ఇక్కడికొచ్చి మూడు వారాలైంది. ఆనకట్ట ఇంకా కాగితాల మీదే ఉంది. ఆ కాగితాలు గీసే డ్రాఫ్ట్స్‌మన్‌ని నేనే కాబట్టి అది ఎప్పటికి లేస్తుందో నాకు బాగా తెలుసు. క్వార్టర్సులో నాకిచ్చిన గదికి రెండు కిటికీలు. ఒకదాంట్లోంచి కొండ కనిపిస్తుంది. రెండోదాంట్లోంచి అదే కొండ ఇంకాస్త దగ్గరగా కనిపిస్తుంది. ఫోను ఆఫీసులో ఉంది, దాని పక్కనే మా ఇంజనీరు ఉంటాడు. కాబట్టి ఉత్తరాలే గతి.

ఒక్కటే సుఖం. ఇక్కడి క్లబ్బు గదిలో ఒక బీరువా నిండా పుస్తకాలున్నాయి. ఇదివరకు పనిచేసినవాళ్ళు బదిలీ మీద వెళుతూ వదిలేసినవి. వదిలేసినవి చూస్తే వెంట తీసుకెళ్ళినవి ఎంత బాగుండేవోనని అసూయ పుడుతోంది. అయినా ఒక ఆలోచన వచ్చింది. నెలకో నెలన్నరకో ఒకటి చదివి నీకు పోస్టు చేస్తాను. నువ్వు చదివి, మొహమాటం లేకుండా అభిప్రాయం రాసి, పుస్తకం తిప్పి పంపు. చిన్నప్పుడు ఒకే నవల కోసం కొట్టుకుని దాన్ని సగానికి చీల్చుకున్నాం. నీకు రెండో సగం వచ్చింది. హీరో హీరోయిన్లు ఎవరో తెలియకుండానే వాళ్ళకి పెళ్ళి చేసేశావు. ఆ తర్వాత ఈ నలభై ఏళ్ళలో మనం రాసుకున్నదంతా “ఒంట్లో ఎలా ఉంది”, “బాగానే ఉంది.”

మొదటిది ఆరువందల పేజీల కుటుంబ నవల. ఇందులో ఒక అత్తగారు దగ్గుతుంది. మిగతాది నువ్వే చదువు.

బావగారిని అడిగానని చెప్పు. ఆయనకి కూడా ఏదైనా పంపుదామని బీరువా అంతా గాలించాను. కుట్టుమిషను విడిభాగాల జాబితా దొరకలేదు. అంతకంటే పెద్ద గ్రంథం ఆయన చదవగా నేను చూడలేదు.

కొండకి ఎదురుగా,
తమ్ముడు


జనవరి 30

ఒరేయ్ తమ్ముడూ,

నీ పుస్తకం చేరింది. కట్టిన తీరు చూసి లోపల ఆనకట్ట నమూనా ఉందేమో అనుకున్నాం. విప్పడానికి మీ బావ స్క్రూడ్రైవరు తేవాల్సి వచ్చింది.

ఉత్తరం టైపు కొట్టి పంపుతున్నానని నొచ్చుకోకు. ముప్ఫై రెండేళ్ళు కోర్టులో ఊళ్ళోవాళ్ళ విడాకులూ గోడ తగాదాలూ టైపు చేసి రిటైరయ్యాక, నా చేతిరాత నాకే అర్థం కావడం మానేసింది. నేను పనిచేసిన పాత మిషనునే వేలంలో అమ్మేస్తుంటే మీ బావ తెచ్చి బాగుచేశారు. కుట్టుమిషన్లు బాగుచేసే చేతులు కదా, ఇప్పుడిది కూడా బట్ట కుడుతున్నట్టు చప్పుడు చేస్తోంది.

నవల బాగుంది. అత్తగారి దగ్గు మొదట్లో విసుగనిపించింది, తర్వాత అలవాటైంది, ఆ తర్వాత ఆవిడ దగ్గకపోతే నాకు కంగారు పుట్టింది. ఆఖర్న పెద్ద కోడలు ఇల్లు విడిచి వెళుతుంటే ఆవిడ గుమ్మం దాకా వచ్చి “గొడుగు తీసుకెళ్ళు” అనడం నాకు అన్నిటికంటే నచ్చింది. తప్పయిందని చెప్పడం చేతకాని మనిషి అంతకంటే ఏమంటుంది? నీకు అర్థం కాదులే, నువ్వూ ఆ కోవే.

ఇంట్లో విశేషాలు ఏమున్నాయి? మీ బావ దుకాణం నాలుగింటికే మూసేస్తున్నారు. కాఫీ ఆయనే పెడుతున్నారు. తాగుతున్నాను. దాని గురించి ఇంతకంటే ఏమీ రాయను.

విడిభాగాల మాటకి ఆయన బాగా నవ్వారు. జాబితాలో ముగింపులు బాగుండవట.

ఆశీస్సులతో,
అక్క


ఫిబ్రవరి 18

మహాప్రభో అక్కా,

నువ్వు తిప్పి పంపిన పుస్తకం మొదటి నుంచి చివరిదాకా మళ్ళీ తిరగేశాను. ఆరువందల పేజీల్లో ఒక్క గొడుగు లేదు. వాన కూడా లేదు. పైగా ఆ అత్తగారు నాలుగువందల పన్నెండో పేజీలో పోయింది. పెద్ద కోడలు వెళ్ళేది ఐదువందల తొంభైలో. మధ్యలో నూట ఎనభై పేజీల పాటు ఆవిడ ఫోటో గోడకి వేలాడుతోంది. గుమ్మం దాకా ఎలా వచ్చిందో నాకు చెబితే సంతోషిస్తాను. నేను పొరపాటున దయ్యాల నవల పంపానా, లేక నువ్వు కళ్ళు నెత్తిన పెట్టుకుని చదివావా?

ఇంకో మనవి. నీ ఉత్తరంలో రెండో పేరా మధ్యలో ఒక వరస మొత్తం పక్క మీట మీదకి జరిగిపోయింది. అరగంట తిప్పలు పడి విప్పుకున్నాను. కోర్టులో కూడా ఇలాగే కొట్టేదానివా? ఎన్ని కేసుల్లో శిక్ష ముద్దాయికి బదులు వాడి పక్కింటివాడికి పడిందో తలుచుకుంటే భయంగా ఉంది.

నాలుగింటికే దుకాణం మూసేస్తున్నారా బావగారు? అదృష్టవంతులు. ఊళ్ళో బట్టలన్నీ కుట్టడం అయిపోయినట్టుంది. సాయంత్రమంతా అరుగు మీద కూర్చుని ఆవులిస్తుంటారు కాబోలు. ఆవులింతకి పుస్తకం అక్కర్లేదు కదా.

ఈసారి అపరాధ పరిశోధన నవల. పాత బంగళా, లోపల్నుంచి గడియ పెట్టిన గది, కత్తి. హంతకుడెవరో ఒక్క ముక్క రాయి చాలు. ఇందులో గొడుగు ఒకటుంది, నువ్వు దిగులుపడక్కర్లేదు.

అనుమానంతో,
తమ్ముడు


మార్చి 12

తమ్ముడూ,

గొడుగు సంగతి వదిలెయ్. పేజీలు అతుక్కుని రెండేసి ఒకేసారి తిరిగి ఉంటాయి. అంత దగ్గు దగ్గిన మనిషి పోవడంలో వింతేముంది, బతికి ఉంటేనే కథ.

హంతకుడు లాయరు.

నేను ఆశ్చర్యపోతానని అనుకున్నావేమో. ముప్ఫై రెండేళ్ళు వాళ్ళ పక్కనే కూర్చుని వాళ్ళ మాటలే టైపు చేశాను. రెండో అధ్యాయంలో వచ్చి వీలునామా చదువుతూ ఆ పెద్దమనిషి కళ్ళజోడు మూడుసార్లు తుడుచుకున్నప్పుడే నాకు అనుమానం వచ్చింది. ఆఖర్న పోలీసులు వచ్చినప్పుడు “నా తరఫున వాదించుకోవడానికి నాకు వాయిదా కావాలి” అంటాడు చూడు, ఆ మాటకి నేను పడీపడీ నవ్వాను. రాసినవాడెవరో గానీ కోర్టు మెట్లు ఎక్కినవాడే.

మేడ మీద అద్దెకున్నవాళ్ళ పిల్ల వచ్చి నా మిషను మీద తన పేరు కొట్టుకుని పోతోంది. రోజూ అదే పేరు. అదీ ఒక రకం రచనే.

మీ బావ కాఫీ కాస్త బాగుపడింది. మెకానిక్కు కదా, ఎక్కడ బిగించాలో మెల్లగా తెలుస్తోంది.

అక్క


ఏప్రిల్ 4

అక్కా,

హంతకుడు గడియారాలు బాగుచేసేవాడు. ఆఖరి అధ్యాయంలో, అందరి ముందూ, తన నోటితోనే ఒప్పుకుంటాడు. నువ్వు చెప్పిన లాయరు రెండో అధ్యాయంలో వచ్చి, వీలునామా చదివి, వెళ్ళిపోతాడు. మళ్ళీ కనిపించడు. కళ్ళజోడే లేదు వాడికి. వాయిదా అడగనే లేదు. ఆ మాట ఎక్కడ పుట్టిందో దేవుడికి తెలియాలి.

ఇప్పుడు సూటిగా రాస్తున్నాను. నువ్వు ఈ పుస్తకాలు చదవడం లేదు. ఎవర్నో అడిగి రాస్తున్నావు. వాళ్ళు కూడా చదవడం లేదు. చదవకపోతే చదవలేదని చెప్పు, నేనేం కొడతానా? నాతో నిజం మాట్లాడే మనిషి ఈ లోకంలో ఒక్కర్తివి మిగిలావని అనుకున్నాను. నువ్వూ అబద్ధాలకోరువే అయ్యావు. నీ అక్షరం చూస్తే ఇప్పుడు నాకు సిగ్గుగా ఉంది.

తప్పు నీదొక్కదానిదే అనను. ఆ ఇంట్లో నీకు చదువుకునే తీరిక ఎవరిస్తారు? ఆరో తరగతితో బడి మానేసినాయనకిచ్చి చేస్తున్నప్పుడే నాన్నతో చెప్పాను, ఆ గడప లోపలికి అక్షరం రాదని. నాలుగింటికి ఇంటికొచ్చి నీ ఎదురుగా కూర్చుంటే నీకు పేజీ ఎలా తిరుగుతుంది?

రిటైరైన ఒక పెద్ద ఆఫీసరు ఆత్మకథ పంపుతున్నాను. ఇదే ఆఖరిది కావచ్చు.

తమ్ముడు


మే 2

తమ్ముడూ,

ఆరో తరగతి కాదట, ఏడు. సరిచేసి రాయమని మీ బావ మరీ మరీ చెప్పారు. పరీక్ష రాశారట, ఫలితాలు చూసుకోవడానికి మాత్రం వెళ్ళలేదట.

గడియారాలవాడా! దీని మీద మా ఇంట్లో పెద్ద చర్చే జరిగింది. నీ దగ్గరున్నది వేరే ముద్రణ అయి ఉంటుందని మీ బావ వాదన. పుస్తకం తిప్పి పంపింది మేమే కదా అంటే, పోస్టులో మారిపోయి ఉంటుందన్నారు.

ఆఫీసరుగారి ఆత్మకథ ఈ సంవత్సరం నన్ను బాగా నవ్వించింది. ఆయన దాన్ని నవ్వించడానికి రాయలేదని తెలుసు. వంతెన నేనే కట్టాను, చెరువు నేనే తవ్వాను, కరువు నేనే ఆపాను. ఇది టైపు చేసినవాడికి ‘న’ మీట అరిగిపోయి ఉంటుంది. భార్య రెండు చోట్ల వస్తుంది. ఒకసారి పెళ్ళిలో, ఒకసారి ఫోటోలో. మూడోసారి ఆవిడ వంటింట్లోంచి కేకేసి, “కరువు ఆపడం అయ్యాక భోజనానికి రండి” అంటుంది. పుస్తకం మొత్తానికి అదొక్కటే నిజమైన వాక్యం.

తర్వాతి పుస్తకం ఎప్పుడు పంపుతావు? ఇలా రెండు నెలలకోసారి పంపితే మేం సాయంత్రాలు ఏం చేసుకోవాలి?

ఎదురుచూస్తూ,
అక్క


జూన్ 10

అక్కకి,

నేను ఏప్రిల్లో రాసినదానికి నువ్వు జవాబివ్వలేదు. అంత మాట అన్నవాణ్ణి, తిట్టినా బాగుండేది. అందులో నీకు సరిచేయాల్సింది ఆరుకి బదులు ఏడు ఒక్కటే కనిపించింది. సంతోషం.

తేనెటీగల పెంపకం మీద ఒక పుస్తకం పంపుతున్నాను. నూట నలభై పేజీలు. ఇందులో కథ లేదు, హంతకుడు లేడు, ఎవరూ ఎవరికీ గొడుగు ఇవ్వరు. అన్ని పేజీలూ జాగ్రత్తగా చదువు.

తమ్ముడు


జూలై 9

చిరంజీవి బావమరిదికి మీ బావ రాయునది.

మీ అక్క డాక్టరు దగ్గరికి మేడ మీద వాళ్ళతో వెళ్ళింది. ఈలోగా దుకాణంలో కూర్చుని రాస్తున్నాను. నేను రాసినట్టు ఆమెకి తెలియదు. నాకు ఉత్తరాలు రాయడం అలవాటు లేదు, తప్పులుంటే సర్దుకో.

తేనెటీగల పుస్తకంలో తొంభై ఆరో పేజీ దగ్గర నువ్వు పెట్టిన చీటీ నాకు దొరికింది. “అక్కా, ఇది నీ కంట పడితే వచ్చే ఉత్తరంలో ఆ సంగతి రాయి. రాయకపోతే నువ్వు పుస్తకం తెరవలేదని తేలుతుంది, ఇక పుస్తకాలు రావు” అని ఉంది. పైకి చదవకుండా జేబులో వేసుకున్నాను. చదివితే ఆమె నీకు ఇంకో అబద్ధం రాయాలి. చదవకపోతే నువ్వు పుస్తకాలు ఆపుతావు. రెండూ నాకు ఇష్టం లేక ఇది రాస్తున్నాను.

మీ అక్కకి అది కంట పడదు. పోయిన ఏడాది వానాకాలం నుంచీ రెండు కళ్ళలోనూ మధ్యన మచ్చలాగా వచ్చింది. చుట్టుపక్కల కనిపిస్తుంది, ఎటు చూస్తే అక్కడ కనిపించదు. నా మొహం చూడాలంటే నా చెవి వైపు చూస్తుంది. అక్షరం మాత్రం బొత్తిగా కనిపించదు. ముగ్గురు డాక్టర్లకి చూపించాం. ఉన్నది నిలబడుతుంది గానీ పోయింది రాదన్నారు. టైపు మాత్రం వేళ్ళకి వచ్చు కాబట్టి కొడుతుంది. వరస మొదట్లో చెయ్యి పెట్టేటప్పుడు ఒక్కోసారి ఒక మీట జరుగుతుంది.

పుస్తకాలు చదివేది నేను. నాలుగింటికి దుకాణం మూసి వచ్చి, కాఫీ పెట్టి, ఆరున్నర దాకా చదువుతాను. మొదట్లో గుణింతం పట్టుకుని వెళ్ళేవాణ్ణి, ఇప్పుడు ఫరవాలేదు.

మొదటి నవలలో ముసలావిడ దగ్గర తప్పు నాదే. ఆ పేజీ వచ్చిన రోజు మేం మూడో డాక్టరు దగ్గర్నుంచి వచ్చాం. ఆ రోజు నాకు ఎవర్నీ చంపబుద్ధి కాలేదు. తర్వాత ఆవిడ బతికి ఉంది కాబట్టి ఆవిడకి ఏదో ఒక పని చెప్పాలి కదా. గడియారాలవాడి విషయంలో మాత్రం నేను తప్పు ఒప్పుకోను. చేత్తో పని చేసుకునేవాణ్ణి హంతకుణ్ణి చేయడం అన్యాయం. ఆఫీసరు భార్య కేక కూడా నేనే వేయించాను.

నీ ఉత్తరాలు చదివేదీ నేనే. నా గురించి రాసినవన్నీ అక్షరం వదలకుండా చదివాను, బాగా రాస్తావు. ఏప్రిల్ ఉత్తరంలో మీ అక్కని అబద్ధాలకోరు అన్న ఒక్క పేరా చదవలేదు. జూన్ ఉత్తరంలో నువ్వు దాన్ని ఎత్తిన మాటలూ దాటేశాను. జవాబు అందుకే రాలేదు.

పుస్తకాలు ఆపకు. నేను చెప్పానని చెప్పకు.

మీ బావ


ఆగస్టు 1

ప్రియమైన అక్కయ్యకి,

నమస్కారాలు. నువ్వు కులాసాగా ఉన్నావని తలుస్తాను. ఆరోగ్యం జాగ్రత్త. వేళకి భోజనం చెయ్యి. విశ్రాంతి తీసుకో.

ఈసారి చిన్న పద్యాల పుస్తకం పంపుతున్నాను. తొందరేమీ లేదు. వీలైనప్పుడు, వీలైనంతే. అభిప్రాయం రాయకపోయినా ఫరవాలేదు. ఏప్రిల్లో నేను ఏదో చిరాకులో రాశాను, దాన్ని మనసులో పెట్టుకోవద్దు.

బావగారి గురించి కూడా ఒక మాట చెప్పాలి. ఇన్నాళ్ళూ నేను ఆయన్ని సరిగా అర్థం చేసుకోలేదు. ఆయన చాలా గొప్ప మనసున్న మనిషి. ఆయన నీకు దొరకడం మన అదృష్టం. నేను రాసిన వెటకారాలన్నిటికీ ఆయనకి క్షమాపణ చెప్పుకుంటున్నాను.

మెట్లు దిగేటప్పుడు జాగ్రత్త.

నీ తమ్ముడు


ఆగస్టు 24

తమ్ముడూ,

నీ ఉత్తరం ఆసుపత్రి వాసన వేస్తోంది.

మీ బావ చదువుతున్నారు. “విశ్రాంతి తీసుకో” దాకా వచ్చేసరికే ఇది నువ్వు రాసింది కాదని నాకు అనుమానం వచ్చింది. పద్యాల పుస్తకం సంగతి అయ్యాక ఆయన ఆగారు. గొంతు సవరించుకున్నారు. “ఇక్కడ వానలు పడుతున్నాయి అని రాశాడు” అన్నారు. వానలు పడుతున్నాయని చదవడానికి గొంతు బొంగురుపోతుందా? ఎంత అడిగినా ఆ పేరా చదవలేదు. ఇంకో గంట అడిగితే జేబులోంచి నీ చీటీ తీసి చదివి నా చేతిలో పెట్టారు. దాంతో మొత్తం బయటపడింది. ఆయన మీద కోపం లేదు. నీ మీద ఉంది, నువ్వు మర్యాద నేర్చుకున్నందుకు.

నీకెందుకు చెప్పలేదో విను. అమ్మకి చూపు తగ్గినప్పుడు నువ్వు ఆవిడతో ఎలా మాట్లాడేవాడివో నాకు గుర్తుంది. గట్టిగా, మెల్లగా, ఒక్కో మాటా విడగొట్టి, చంటిపిల్లకి మందు పట్టినట్టు. అమ్మకి పోయింది కళ్ళు, చెవులు కాదు. అంతకుముందు మీరిద్దరూ రోజూ ఎంత పోట్లాడుకునేవాళ్ళు! ఆ తర్వాత నువ్వు ఆవిడతో ఒక్కసారి కూడా పోట్లాడలేదు. “వాడికి నా మీద కోపం కూడా రావట్లేదే” అని నాతో అంది. నీకు చెప్పొద్దంది, చెప్పలేదు. నా చూపు సంగతి నీకు తెలిస్తే, నాకొచ్చే ఉత్తరాలు కూడా అలా తయారవుతాయని భయపడ్డాను. చూశావా, తయారయ్యాయి. మెట్లు దిగేటప్పుడు జాగ్రత్తట. మా ఇంట్లో మెట్లు మేడ మీదవాళ్ళవి.

అబద్ధాలు రాశాను, నిజమే. నీ ఏప్రిల్ ఉత్తరంలో దాటేసిన పేరా కూడా చదివించుకున్నాను. అన్నది అన్నావు, ఉండనీ.

ఇప్పుడు నేను చెప్పేది మీ బావకి తెలియదు. ఈ కాగితం నేనే కొట్టి నేనే మడిచి అంటిస్తున్నాను, ఆయన చూడరు. ఆయన ముగింపులు మారుస్తున్నట్టు నాకు మొదటి పుస్తకం నుంచీ తెలుసు. మారుస్తున్నప్పుడు పుస్తకం భాష ఆగిపోయి దుకాణం భాష మొదలవుతుంది. పేజీ తిప్పిన చప్పుడు రాదు. ఆ గొడుగు కోసం ఆయన ఎంతసేపు వెతుక్కున్నారో నీకు తెలియదు, నేను పక్కనే కూర్చుని విన్నాను. కాబట్టి నీ జవాబులో ఆ మాట ఎత్తకు, చదివేది ఆయనే.

పద్యాలు వార్తలు చదివినట్టు చదువుతున్నారు. ఒక రకంగా బాగానే ఉన్నాయి.

అక్క


సెప్టెంబరు 20

అక్కా,

సరే, మర్యాద రద్దు.

నీ ఉత్తరం చదివి రెండు రోజులు ఆఫీసుకి వెళ్ళలేదు. ఆనకట్టకి ఏ నష్టమూ జరగలేదు, అది నా హాజరుని ఎప్పుడూ లెక్కపెట్టలేదు. అమ్మ అన్న మాట నాకు ఇన్నేళ్ళకి చెప్పావు. ఇంకో పదేళ్ళు ఆగాల్సింది, అప్పటికి నాకు చెవులు కూడా ఉండేవి కావు. నేను ఆవిడకి సేవ చేస్తున్నాననుకున్నాను. అంత జాగ్రత్తగా మాట్లాడి అలిసిపోయి, ఇవతలకి వచ్చి పుస్తకం తెరుచుకునేవాణ్ణి. ఒక్కటైనా ఆవిడకి చదివి వినిపించాలని తోచలేదు. ఇంతకంటే దీని గురించి రాయడం నాకు చేతకాదు.

నీకు కళ్ళు నెత్తిన పెట్టుకున్నావా అని రాశాను. దానికి మాత్రం నన్ను కొట్టు. వచ్చి నిలబడతాను, చెవి వైపు గురిచూడు.

బావగారూ, ఇది చదువుతున్నది మీరేనని తెలుసు. ఈ పేరా దాటేస్తే తర్వాతి ఉత్తరంలో రెండు పేరాలు రాస్తాను, అవి కూడా దాటేస్తే నేనే వచ్చి చదువుతాను. మీరు చదివిన తరగతి ఏడు అని ఒప్పుకుంటున్నాను. నాన్నతో నేనన్నది తప్పని కూడా ఒప్పుకుంటున్నాను. గడియారాలవాడే హంతకుడన్న విషయంలో మాత్రం నేను వెనక్కి తగ్గను. ఇక్కడ ఆపి, అక్క మొహం ఎలా ఉందో చూసి, మళ్ళీ చదవండి.

డిసెంబరులో వారం రోజులు సెలవు పెట్టాను. వస్తాను. దీంతో పంపుతున్న పుస్తకం ఒక చిన్న స్టేషను మాస్టరు కథ. బీరువాలో ఇదొక్కటే వదిలేసినవాడు పొరపాటున వదిలేశాడనిపించింది. నేను వచ్చి వెళ్ళేదాకా మొదలుపెట్టకండి. ప్రయాణాలు పోగా మిగిలే నాలుగు రోజులూ ఆ ఆఫీసరు ఆత్మకథ రెండో భాగం చదువుదాం. ఆయన రెండోది కూడా రాశాడు. భూకంపం నేనే తెచ్చానంటాడేమో చూద్దాం.

కాఫీ నేను పెడతాను.

తమ్ముడు


డిసెంబరు 27

తమ్ముడూ,

నువ్వు వెళ్ళాక ఇల్లు ప్రశాంతంగా ఉంది. అభినందన అనుకోకు.

నువ్వు చదివిన తీరు గురించి మొహమాటం లేకుండా రాయమన్నావు. అక్షరం పొల్లుపోలేదు. కామా దగ్గర ఆగావు, వాక్యం చివర ఊపిరి పీల్చావు. మూడో రోజు నేను నిద్రపోయాను. నువ్వు చదివితే పుస్తకంలో ఉన్నదే వస్తుంది, అదే చిక్కు. మీ బావని పిలవమన్నప్పుడు నువ్వు చిన్నబుచ్చుకున్నావని తెలుసు. మొహం కనపడకపోయినా కుర్చీ జరిపిన చప్పుడులో తెలిసిపోయింది. అయినా నాతో నాలుగు రోజుల్లో మూడుసార్లు పోట్లాడావు, అది చాలు.

సంవత్సరం ఎలా గడిచిందని అడిగావు. ఒక్క పుస్తకం కూడా చదవలేదు. ఇంత బాగా చదివిన సంవత్సరం ఇంకోటి లేదు.

ఇప్పుడు అసలు సంగతి. నువ్వు బస్సెక్కిన మర్నాడు మీ బావకి చెప్పేశాను. ముగింపులు మీరు కడుతున్నారని నాకు మొదటి నుంచీ తెలుసన్నాను. మెచ్చుకుందామనే చెప్పాను. ఆయన కాఫీ గ్లాసులు తీసుకెళ్ళి కడిగారు. కడిగినవి మళ్ళీ కడిగారు. ఆ తర్వాత స్టేషను మాస్టరు పుస్తకం మొదలుపెట్టి రెండు రోజులు నీలాగే చదివారు. ఉన్నది ఉన్నట్టు. అంత పెద్ద శిక్ష నాకు ఏ కోర్టులోనూ పడలేదు. అనవసరంగా నోరు జారానని ఏడుపొచ్చింది.

మూడో రోజు, అంటే నిన్న, కథ ఆ చోటికి వచ్చింది. ఇరవై ఏళ్ళ కాపురం తర్వాత స్టేషను మాస్టరు భార్య పెట్టె సర్దుకుని ప్లాట్‌ఫాం మీద నిలబడింది. బండి వచ్చి ఆగింది. దానికి పచ్చజెండా ఊపాల్సింది ఆయనే. మీ బావ అక్కడ ఆగిపోయారు. పేజీ తిప్పలేదు. దుకాణం భాష మొదలవుతుందని చూశాను, అదీ మొదలవలేదు. పుస్తకం మూసిన చప్పుడు వినిపించింది.

“ఇప్పుడు ఏం జరగాలంటావు?” అని నన్ను అడిగారు.

నలభై ఏళ్ళలో ఆయన నన్ను చాలా అడిగారు గానీ ఇది ఎప్పుడూ అడగలేదు. బండి ఎక్కాలన్నాను. ఎక్కకూడదని ఆయన. ఇంజను చెడిపోవాలట, స్టేషన్లో దానికి తగిన విడిభాగం ఉండకూడదట. ఇరవై ఏళ్ళు ఆ మనిషి ఆవిడతో మాట్లాడింది బండ్ల వేళల గురించేనని నేను వాదించాను. వాడికి మాట్లాడడం రాదు, జెండా ఊపడమే వచ్చు, అది వాడి తప్పా అని ఆయన. ఇద్దరం గొంతులు పెంచాం. మేడ మీద పిల్ల వచ్చి గుమ్మంలో నిలబడి చూసి వెళ్ళిపోయింది. భోజనం చల్లారింది.

చివరికి ఆయన గొంతు తగ్గించి, “సరే, ఎక్కనిస్తాను. కానీ కిటికీ పక్కన కూర్చోబెడతాను” అన్నారు.

నేను ఇంకా ఒప్పుకోలేదు. ఈ సాయంత్రం మళ్ళీ వాదించుకోవాలి. దుకాణం మూడున్నరకే మూసి వస్తానన్నారు.

ఆ పుస్తకంలో నిజంగా ఏం జరుగుతుందో నీకు తెలుసు. రాయకు.

అక్క